గుండ్లమెట్ట హైస్కూలు పాత పరుగులు

గుండ్లమెట్ట పునీత సెబాస్తియన్ ఉన్నత పాఠశాలకు నూరేళ్ళు నిండబోతున్నాయి. నూరేళ్ళు నిండటమన్నది మనుషుల విషయంలో ఎట్లాంటిదో బడుల విషయంలోనూ అట్లాంటిదేనని డ్రిల్లు మాస్టరు బాలశౌరికి ఆ సంవత్సరమే తెలిసివచ్చింది.

బడి పెట్టింది ఇటలీ దేశం నుంచి వచ్చిన ఒక ఫాదరు. ఆయన పేరు ఊళ్ళో ఎవరికీ నోరు తిరగలేదు. గడ్డం ఫాదరు అన్నారు, అదే నిలిచిపోయింది. ఆయన ఓడ దిగి, రైలు దిగి, ఎడ్లబండి దిగేసరికి చేతిలో మిగిలిన సామాను రెండే. ఒకటి గుడికి గంట, రెండోది తోలు బంతి. గంట ఎందుకో ఊరికి వెంటనే అర్థమైంది. బంతి ఎందుకో అర్థం కాలేదు. ఆదివారం పూజ అయ్యాక ఆయన దాన్ని రెండు చేతులతో పైకెత్తి చూపించాడు. జనం వరసలో వచ్చి బంతిని ముద్దు పెట్టుకుని, కళ్ళకద్దుకుని వెళ్ళారు. ఇది తన్నేదని చెప్పేటంత తెలుగు ఆయనకింకా రాలేదు. గుండ్లమెట్టలో మొదటి ఫుట్‌బాలు ఋతువు అట్లా భక్తిశ్రద్ధలతో గడిచింది.

బంతి సంగతి తర్వాత తర్వాత తెలిసింది గాని, గంట మాత్రం మొదటి రోజునుంచే ఊరి ఎముకల్లోకి ఎక్కింది. పొద్దున, మధ్యాహ్నం, సాయంత్రం త్రికాల జపం గంట మోగితే గుండ్లమెట్టలో ఉన్నవాడు ఉన్నచోటే నిలబడతాడు. నాగలి చాల్లో ఆగుతుంది. బావిలో బొక్కెన సగంలో ఆగుతుంది. గట్టు తగాదాలో రేగినవాళ్ళు నోరు మూసుకుని, సిలువ గుర్తు వేసుకుని, జపం ముగించి, తిట్టు ఎక్కడ ఆగిందో అక్కడే అందుకుంటారు.

బడి ఆటల చరిత్రంతా ఈ గంట కిందే ఉంది. కబడ్డీ కూతకు వెళ్ళినవాడు అవతలి జట్టు నడిమధ్యలో గంట విని కూత ఆపేసి చేతులు జోడించేవాడు. జపం ముగిసేసరికి వాడి మీద ఏడుగురుండేవాళ్ళు. ఫుట్‌బాలులో గోలుకీపరు కళ్ళు మూసుకున్నప్పుడు పడ్డ గోల్సుకు లెక్కే లేదు. షీల్డులు పెట్టుకోవడానికి గడ్డం ఫాదరు టేకు బీరువా చేయించి పోయాడు. అందులో మఠం సిస్టర్లు చింతపండు దాచుకుంటున్నారు.

ఇదంతా బాలశౌరి పెద్దగా పట్టించుకున్నవాడు కాదు. ఆయనకు కావలసింది మైదానం. ఉద్యోగంలో చేరిననాడు అది రాళ్ళచేను. రోజూ ఇంటికి వెళ్ళేటప్పుడు జేబుల నిండా రాళ్ళు ఏరుకుపోయేవాడు. "పెళ్ళిలో మంగళసూత్రం కట్టాడు గాని, ఆయన చేత్తో ఇచ్చినవన్నీ రాళ్ళే" అని ఆయన భార్య బట్టలుతికేటప్పుడల్లా నలుగురికీ చెప్పేది. ఇప్పుడా నేల మీద పిల్లలు ఉత్త కాళ్ళతో పరుగెత్తితే అరికాలికి మెత్తగా తగులుతుంది. మిరపకాయలు ఆరబోసే నెలలో మాత్రం ఊరి రైతులు దాన్ని కల్లం చేసుకుంటారు. అప్పుడు పిల్లలు తుమ్ముకుంటూ పరుగెత్తుతారు.

ఆ మైదానం మీదికే బిషప్పుగారి మేత్రాసన విద్యామండలి వారి ఉత్తర్వు వచ్చింది. ఉత్తర్వుతోపాటు మండలి కార్యదర్శి, డాక్టర్ ఫాదర్ అమృతానందంగారు స్వయంగా వచ్చారు. ఆయన మంచివాడే. నిబంధన తప్ప వేరే దురలవాటు లేదు. కారు దిగి, మైదానం మధ్యకు నడిచి, కళ్ళజోడు సర్దుకుని చదివారు.

"నూరేండ్లు నిండిన ప్రతి పాఠశాలయు తన క్రీడాపారంపర్యము అవిచ్ఛిన్నమనియు, కనీసము ఒక్క విజయమైనను కలదనియు నిరూపించుకొనవలెను. నిరూపించుకొనజాలని పాఠశాల మైదానమునందు శతవార్షిక స్మారక సభాభవనము నిర్మింపబడును."

"అంటే ఏంది ఫాదర్?" అన్నాడు బాలశౌరి.

"అనగా, ఏటేటా క్రీడోత్సవము జరిగియుండవలెను. మధ్యలో తెగరాదు."

"తెగింది ఫాదర్. చాలాసార్లు తెగింది. గాలివాన వచ్చిన ఏడు జరగలా. కలరా ఏడు జరగలా. హాకీ కర్రలు చిక్కుడు పందిరికి పోయిన ఏడు జరగలా. మిరపకాయలు ముందుగా కోతకొచ్చిన ఏళ్ళయితే ఎన్నో."

"విచారకరము" అన్నారు కార్యదర్శి. కారు డిక్కీ తెరిపించారు. అందులో నల్లరాతి శంకుస్థాపన ఫలకం ఉంది. తేదీ తప్ప అన్నీ చెక్కి ఉన్నాయి. ఆయన పేరు అన్నిటికన్నా లోతుగా చెక్కి ఉంది.

బాలశౌరి చెప్పులు విడిచి నిలబడ్డాడు. అరికాళ్ళ కింద నేల మెత్తగా తగులుతోంది. నోటికొచ్చింది అనేశాడు.

"ఫాదర్, చనిపోయినోళ్ళకు ఆ ఏడు చెప్పించాల్సిన పూజ చెప్పించకపోతే, తర్వాత ఎప్పుడైనా చెప్పిస్తే చెల్లుతుంది గదా?"

"నిస్సందేహముగా చెల్లును."

"పూజే చెల్లినప్పుడు పరుగుపందెం చెల్లదా?"

మామూలు మనిషైతే నవ్వి కారెక్కేవాడు. కార్యదర్శి నిబంధన మనిషి. ఆయన కళ్ళు మూసుకుని ఆలోచించారు. తెరిచేసరికి ముఖం వెలిగిపోతోంది.

"చెల్లును. జరుగని క్రీడోత్సవములను ఇప్పుడు జరిపి ఆయా సంవత్సరముల కింద పూరింపవచ్చును. అయితే ఆయా సంవత్సరముల విద్యార్థులే పాల్గొనవలెను. ఆనాటి వయోవిభాగములు, ఆనాటి గణవేషము, ఆనాటి క్రమశిక్షణ తప్పరాదు."

మర్నాటినుంచి గుండ్లమెట్టలో దర్జీకి నిద్ర లేదు. తాతలందరికీ ఖాకీ నిక్కర్లు కుట్టాలి.

మొదట హాకీ కర్రలు పోయిన ఏటి పందెం పెట్టారు. పద్నాలుగేళ్ళ లోపు బాలుర విభాగం. బాలురు పన్నెండుమంది దాకా వచ్చారు. ఒకాయన కర్ర పట్టుకుని వచ్చాడు. ఒకాయన్ని కోడలు చెయ్యి పట్టుకుని తీసుకొచ్చి, "మామయ్యా, దుమ్ములో పొర్లొద్దు" అని చెప్పి కూర్చోబెట్టి వెళ్ళింది. క్రమశిక్షణ కోసం ఆనాటి హెడ్మాస్టరు ఇన్నయ్యగారిని మంచంతో సహా మోసుకొచ్చారు. ఆయనకు తొంభై దాటాయి. బెత్తం చేతిలో పెట్టేసరికి లేచి కూర్చున్నాడు.

"ఒరే జోజీ! గీత దాటి నిలబడ్డావు. చెయ్యి చాపు."

జోజప్పగారు ఊరి మాజీ సర్పంచి. ముగ్గురు అల్లుళ్ళు చూస్తుండగా చెయ్యి చాపాడు. దెబ్బ తిని వచ్చి, "అదే బెత్తం, అదే చురుకు" అని పక్కవాడితో మురిసిపోతూ చెప్పుకున్నాడు.

విజిలు ఊదబోతుండగా కార్యదర్శి చెయ్యెత్తారు.

"ఆగుడు. వీరు మైనరులు. తల్లిదండ్రుల అంగీకారమేది?"

బాలశౌరి తల గోక్కున్నాడు. "ఫాదర్, వీళ్ళ తల్లిదండ్రులంతా సమాధుల దొడ్లో ఉన్నారు."

"వారి నివాసముతో మండలికి సంబంధము లేదు."

అందరూ కలిసి సమాధుల దొడ్డికి వెళ్ళారు. నిక్కర్లు వేసుకున్న తాతలు ఎవరి అమ్మానాన్నల దగ్గర వాళ్ళు నిలబడ్డారు. ఇన్నయ్య మాస్టారు మంచం మీదనుంచే గొంతెత్తి అడిగాడు. "మీ పిల్లల్ని పరుగుపందెంలోకి తీసుకుంటున్నాం. కాదన్నవాళ్ళు చెప్పండి." ఎవరూ చెప్పలేదు.

"మౌనము అర్ధాంగీకారమే గదా. మిగిలిన అర్ధము?" అన్నారు కార్యదర్శి.

"తల్లి మౌనం సగం, తండ్రి మౌనం సగం" అన్నాడు ఇన్నయ్య మాస్టారు. "రెండు సగాలు కలిపితే ఎంతవుద్దో మీ డాక్టరు చదువులో చెప్పలేదా నాయనా?"

కార్యదర్శి సంతృప్తిగా తలూపారు. పందెం జరిగింది. సగం దూరంలో ఇద్దరు కాలవ నీళ్ళ సంగతి మాట్లాడుకుంటూ ఆగిపోయారు. ఒకాయన దారిలో టీ తాగాడు. కోడలు తెచ్చినాయన గెలిచాడు, ఆమె అవతలి కొసన నిలబడి చెగోడీలు చూపించింది గనుక.

గాలివాన ఏటి పందేనికి మరో పేచీ వచ్చింది. ఆనాడు ఏ మైదానంలో జరగవలసి ఉందో ఆ మైదానం స్థితి కూడా ఉండాలన్నారు కార్యదర్శి. రెండు రోజులు కాలవ నీళ్ళు పెట్టారు. నల్లరేగడి. విజిలు ఊదాక పోటీదారులు కదిలారో లేదో తెలియలేదు, చెప్పులు మాత్రం అక్కడే ఉండిపోయాయి. మొట్టమొదటి సంవత్సరాల విద్యార్థులైతే ఒక్కరూ మిగల్లేదు. సమాధుల పండగనాడు దొడ్లో నిలబడి వాళ్ళ పేర్లు పిలిచి, విజిలు ఊది, కాసేపు చూశారు. ఎవరూ ఎవరినీ దాటలేదు గనుక అందరికీ మొదటి బహుమతి అని మండలి తీర్మానించింది. పతకాలు సమాధి రాళ్ళకు తగిలించారు. ఊరు ఊరంతా నవ్వుకుంటూనే ఏడ్చి వచ్చింది.

ఈలోగా మిరపకాయల కాలం వచ్చింది. రైతులు అలవాటు ప్రకారం బస్తాలు తెచ్చి మైదానంలో గుమ్మరించబోయారు. కార్యదర్శి పరుగెత్తుకొచ్చారు. ఆ సమయంలో ఒక ఏటి పందెం నడుస్తోంది. అందరికన్నా ముందున్న పోటీదారే సగం దూరంలో చెట్టుకింద కునుకు తీస్తున్నాడు.

"నిలుపుడు! ఆరంభమైన పోటీ ముగియువరకు, అనగా ఎవరో యొకరు రిబ్బను దాటువరకు, మైదానమును అన్యకార్యములకు వినియోగింపరాదు. ఇది నేటినుంచి నిబంధన."

"మిరపకాయలు వానకు తడిసిపోతాయి ఫాదరూ!"

"బిషప్పుగారి రథమైనను రాదు! నేనైనను గునపము దింపను!" అన్నారు కార్యదర్శి. అని, ఆ మాటను నిబంధనగా అక్కడికక్కడే సంతకం చేసి బడి గోడకు అంటించారు.

చివరికి అన్ని ఏళ్ళూ పూర్తయ్యాయి. మిగిలింది విజయం.

గెలుపన్నది లేని బడికి గెలుపు ఎక్కడినుంచి తేవాలి? ఊళ్ళో అందరి నాలుక మీదికీ ఒకటే పందెం వచ్చింది. ఏ ఇంట్లో పిల్లవాడు అన్నం తినకపోయినా చెప్పే కథ అది. గుండ్లమెట్టకూ, పక్కన నందిగుంట బోర్డు హైస్కూలుకూ మధ్య మైలు పరుగు. మన గాదె రాయపరెడ్డి అందరికన్నా ముందున్నాడు. రిబ్బను ఇంకొక్క అడుగు. గంట మోగింది. రాయపరెడ్డి నిలబడి తల వంచాడు. నందిగుంట పానకాలు పక్కనుంచి దూసుకుపోయాడు. ఇన్నయ్య మాస్టారు ఒప్పుకోలేదు. జపంలో ఉన్నవాణ్ణి దాటితే దాటినట్టు కాదన్నాడు. నందిగుంట హెడ్మాస్టరు రిబ్బను చూపించాడు. ఫలితం ఈనాటికీ ప్రకటించలేదు.

"అపరిష్కృత ఫలితము!" కార్యదర్శి చేతులు రుద్దుకున్నారు. "ఇరువురు పోటీదారులు సజీవులు. పునఃపోటీ జరుపుడు. మీవాడు గెలిచినచో మైదానము మీది. ఓడినచో..." డిక్కీ వైపు చూశారు.

రాయపరెడ్డి ఇప్పుడు మిరప రైతు. మోకాళ్ళు కిర్రుమంటాయి. బాలశౌరి రోజూ తెల్లవారకముందే వెళ్ళి లేపి పొలం గట్ల మీద పరుగెత్తించాడు. రాయపరెడ్డి భార్య తెరేజమ్మ వెనకనుంచి తిట్టేది. "బజారుకెళ్ళి ఉప్పు తెమ్మంటే కాళ్ళు నొప్పులంటివి. ఇప్పుడు చూడు, దుక్కిటెద్దు లెక్క పరిగెత్తుతుండావు!"

"అన్నా, ఒక్క మాట" అన్నాడు బాలశౌరి ఒకరోజు. "గంటకు ముందే అయిపోయేటట్టు పొద్దున పెట్టిస్తా. నువ్వు ఆగేపనే రాదు."

"గంట మోగితే ఆగుతాగా మరి" అన్నాడు రాయపరెడ్డి, గాలివాన వస్తే తడుస్తాగా అన్నట్టు.

బాలశౌరి పందెం పొద్దున్నే పెట్టించాడు. రెండు ఊళ్ళూ వచ్చాయి. నందిగుంట జనం డప్పులతో వచ్చారు. పానకాలు పంచె ఎగ్గట్టి, తువ్వాలు భుజాన వేసుకుని వచ్చాడు. ఇద్దరూ గీత దగ్గర నిలబడ్డారు.

"ఏం రెడ్డీ, ఇంకా ఉన్నావా?"

"నువ్వు పోయావని చెప్తే నమ్మి నిక్కరేసుకున్నా."

అంతా బాగానే ఉంది. ఇక విజిలే. అప్పుడు కార్యదర్శి రెండు ముక్కలు మాట్లాడతానని మైకు పుచ్చుకున్నారు. అవిచ్ఛిన్నత అంటే ఏమిటో చెప్పారు. విచ్ఛిన్నత అంటే ఏమిటో కూడా చెబితే గాని అవిచ్ఛిన్నత అర్థం కాదని అదీ చెప్పారు. రోము నగరంలో పూర్వం ఎట్లా పరుగెత్తేవారో చెప్పి, గుండ్లమెట్టకు నడుచుకుంటూ వచ్చారు. ఎండ నడినెత్తికి ఎక్కుతోంది. బాలశౌరి విజిలు నోట్లో పెట్టుకుని, గుడి గోపురం వైపే చూస్తూ నిలబడ్డాడు. చెమట కళ్ళలోకి కారుతోంది.

మైకు దింపారు. విజిలు మోగింది.

మైదానం చుట్టూ తిరగాలి, మళ్ళీ మళ్ళీ తిరగాలి. ఇద్దరూ కదిలారు. మొదటి చుట్టులో పానకాలు ముందు. రెండో చుట్టులో ఇద్దరూ పక్కపక్కన, ఒకరినొకరు తిట్టుకుంటూ. ఆ తర్వాత తిట్టడానికీ ఊపిరి చాలలేదు. ఆఖరి చుట్టులో రాయపరెడ్డి ముందుకొచ్చాడు. పది బారలు, ఇరవై బారలు ముందున్నాడు. గుండ్లమెట్ట ఆడవాళ్ళు కొంగులు తిప్పుతున్నారు. ఇన్నయ్య మాస్టారు మంచం మీద లేచి నిలబడ్డాడు. "పరిగెత్తరా రాయప్పా! లేకపోతే చెయ్యి చాపాల్సొస్తది!" రిబ్బను ఇంకొక్క అడుగు.

గంట మోగింది.

రాయపరెడ్డి నిలబడిపోయాడు. సిలువ గుర్తు వేసుకుని తల వంచాడు. గుండ్లమెట్ట మొత్తం తల వంచింది. కార్యదర్శీ తల వంచారు, ఆయనా ఫాదరే గదా. కొంగులు ఆగాయి, డప్పులు కూడా ఎందుకో ఆగాయి. ఆ నిశ్శబ్దంలో పానకాలు అడుగుల చప్పుడొక్కటే వినిపిస్తోంది. తల వంచిన బాలశౌరి జపంలో మాటలు మరిచిపోయాడు. కళ్ళు మూసుకుని ఆ చప్పుడే వింటున్నాడు. దగ్గరికొచ్చింది. ఇంకా దగ్గరికొచ్చింది.

ఆగిపోయింది.

బాలశౌరి ఒక కన్ను తెరిచాడు. పానకాలు రాయపరెడ్డి పక్కన నిలబడి, భుజం మీది తువ్వాలు తీసి నడుముకు చుట్టుకుని, చేతులు జోడించి ఉన్నాడు. జపంలో మోకాలు వంచేచోట రాయపరెడ్డి వంచాడు. చూసి పానకాలూ వంచాడు.

జపం అయింది. అందరూ ఆమెన్ అన్నారు. వాళ్ళిద్దరూ మాత్రం లేవలేదు. మోకాళ్ళు సహకరించలేదు. ఒకరి భుజం ఒకరు పట్టుకుని, కిర్రు కిర్రుమంటూ లేచారు.

"పో రెడ్డీ, నీదే ముందు" అన్నాడు పానకాలు.

"నువ్వెందుకాగావ్?"

"ఆ రోజు గెలిచి ఇంటికెళ్తే మా అమ్మ అన్నం పెట్టలేదయ్యా. మొక్కుకుంటున్న మనిషిని దాటిపోయావంట్రా సచ్చినోడా అని. పోయేదాకా అదే దెప్పుడు. ఇయ్యాల్టికి తీరింది. పో, దాటు."

రాయపరెడ్డి కాలెత్తాడు. మళ్ళీ దించాడు. "నాకోసం ఆగిన మనిషిని ఇడిచిపెట్టి నేను దాటిపోతే, మా అమ్మ మాత్రం ఊరుకుంటదా? సమాధుల దొడ్లోంచి లేచొస్తది. నువ్వే పో."

"ఓయ్! దాటవయ్యా! మైదానం పోయిద్ది!" అని తెరేజమ్మ అరిచింది.

"నువ్వూరుకోయే. మర్యాదన్నదొకటుంటది."

"మర్యాద మాకు లేదా?" అని నందిగుంట వైపునుంచి ఎవరో అన్నారు. "పానకాలు మావా, నువ్వు కదలమాక!"

బాలశౌరి పరుగెత్తుకెళ్ళి ఇద్దరి మధ్యా నిలబడ్డాడు. "అన్నా, మీ కాళ్ళు పట్టుకుంటా. ఇద్దరూ చెయ్యీ చెయ్యీ పట్టుకుని ఒకేసారి దాటండి."

"సమాన ఫలితము విజయము కాదు" అన్నారు కార్యదర్శి వెనకనుంచి. "మూడవ నిబంధన."

పొద్దు వాలింది. ఒకరు ముందు నువ్వంటే ఒకరు ముందు నువ్వన్నారు. రెండు ఊళ్ళూ చెరోవైపు నిలబడి మర్యాద మీద తిట్టుకున్నాయి. చివరికి కార్యదర్శి గడియారం చూసి, నిట్టూర్చి, మేస్త్రిని పిలిచారు. "విజయము లేదు. ఫలకము తెమ్ము."

మేస్త్రి డిక్కీలోంచి నల్లరాయి దించాడు. మైదానం మధ్యకు నడిచి గునపం ఎత్తాడు. బాలశౌరి అటు తిరిగి నిలబడ్డాడు. చూడలేకపోయాడు. చెయ్యి జేబులోకి పోయింది. అందులో ఆ పొద్దున ఏరిన రాయి ఒకటి ఉంది, దాన్ని గట్టిగా పట్టుకున్నాడు.

"ఆగుము!"

అరిచింది కార్యదర్శి. ఆయన ముఖం పాలిపోయింది. చెయ్యి గాలిలోనే ఉండిపోయింది. బడి గోడ మీద తాను అంటించిన కాగితం వైపు చూస్తున్నారు.

"గునపము దింపకుము. పోటీ ముగియలేదు. రిబ్బను ఎవరును దాటలేదు."

"అయితే ఎప్పుడు దింపమంటారు ఫాదర్?" అన్నాడు మేస్త్రి.

"ఎవరో యొకరు దాటిన పిమ్మట."

అందరూ రిబ్బను వైపు చూశారు. రాయపరెడ్డీ పానకాలూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఇద్దరి మీసాల కిందా ఒకేసారి ఏదో కదిలింది.

"నువ్వు పో" అన్నాడు రాయపరెడ్డి.

"ఛ, నువ్వు పో" అన్నాడు పానకాలు. అని కింద చతికిలబడ్డాడు. "తెరేజమ్మా, కాసిని మంచినీళ్ళిప్పించు తల్లీ. ఇది ఇప్పట్లో తెమిలేట్టు లేదు."

బాలశౌరి బడిలోకి వెళ్ళి రెండు కుర్చీలు తెచ్చి రిబ్బనుకు ఇవతల వేశాడు.

నూరేళ్ళ పండగ జరిగింది, హాలు లేకుండా, మైదానంలో, షామియానా కింద. ఆటల పండగ అన్యకార్యము కాదని కార్యదర్శే తీర్పు చెప్పారు. మిరపకాయలు మాత్రం అన్యకార్యమే. రాయపరెడ్డి ఆ ఏటినుంచి ఊరవతల కల్లం చూసుకోవలసి వచ్చింది. అందుకు తెరేజమ్మ ఇప్పటికీ తిడుతూనే ఉంది. పానకాలు రోజూ నందిగుంటనుంచి సైకిలు మీద వస్తాడు. నల్లరాయిని మళ్ళీ డిక్కీలోకి ఎత్తడం ఎవరివల్లా కాలేదు. దాన్ని బోర్లా తిప్పి, వెనకవైపు గీతలు గీసి, ఇద్దరూ పులీమేకా ఆడుకుంటారు. చుట్టూ పిల్లలు పరుగెత్తుతుంటారు. మధ్యాహ్నం గంట మోగితే ఇద్దరూ లేచి నిలబడతారు. జపం అయ్యాక ఒకరు "పో" అంటారు, ఇంకొకరు "నువ్వు పో" అంటారు. మళ్ళీ కూర్చుంటారు. వాళ్ళ తర్వాత సంగతేమిటని అడిగితే, ఇద్దరికీ మనవలున్నారని, ఆ మనవలూ మహా మర్యాదస్తులని ఊళ్ళో చెబుతారు.

కార్యదర్శి ఏడాదికొకసారి తనిఖీకి వస్తారు. కారు దిగి, కళ్ళజోడు సర్దుకుని, అదే ప్రశ్న అడుగుతారు.

"పోటీ ఎంతవరకు వచ్చినది, బాలశౌరీ?"

బాలశౌరి అటెన్షన్‌లో నిలబడి చెబుతాడు.

"దగ్గర పడింది ఫాదర్. ఇంకొక్క అడుగు."